ఆరున్నర నీళ్లు ఆరింటికి వదిలిన రోజు

చదువుకున్నవాళ్లు ఒక మాట మహా ఇష్టంగా చెబుతారు. "ఆటిజం ఉన్న పిల్లలు తమ లోకంలో తాముంటారండీ" అని. ఈ మాట మొదట ఎవడన్నాడో గానీ, వాడు అలాంటి పిల్ల పక్కన పది నిమిషాలు నోరు మూసుకుని కూర్చున్నవాడు మాత్రం కాడు. మాకు వేరే లోకం లేదు. ఉంటే ఎప్పుడో అక్కడికి పోయి తలుపు గడియ పెట్టుకునేవాళ్లం. ఉన్నది మీ లోకమే. మీ గంటలు, మీ మైకులు, మీ సెంటు వాసనలు, ఒకేసారి నలుగురు మాట్లాడే మీ మర్యాదలు అన్నీ జల్లెడ పట్టకుండా మా మీద పడతాయి. తట్టుకోలేక మొహం తిప్పుకుంటే ఆ లోకం చూస్తున్నాడంటారు.

"మాకు" అని తెలిసే రాశాను. నా పేరు మీద ఏ డాక్టరూ చీటీ రాయలేదు. నా చిన్నప్పుడు ఆ పేరు మా వైపు ఎవరికీ తెలీదు. మొండివాడు, బండవాడు, పొగరుబోతు, ఈ మూడింటితో పని జరిగిపోయేది.

మా నాన్న శ్రీకాకుళం వైపు నుంచి ఒరిస్సాలోని రాయగడ వచ్చి మునిసిపాలిటీ పనిలో చేరాడు. నన్ను బడిలో వేశాడు. అక్కడ గంటంటే చెట్టుకి వేలాడదీసిన రైలు పట్టా ముక్క. దాన్ని ఇనప కడ్డీతో కొట్టేవారు. ఆ దెబ్బ నా పళ్లలోంచి మెడలోకి దిగేది. రెండు చెవులూ మూసుకుని బల్ల కిందికి దూరేవాణ్ని. మేష్టరు జుట్టు పట్టి లాగి "నా కళ్లలోకి చూసి చెప్పరా" అనేవాడు. కళ్లలోకి చూడడం నాకు కొలిమిలోకి చూడడం లాంటిది. అక్కడ చూస్తే ఆయన మాట వినపడదు, మాట వినాలంటే అక్కడ చూడకూడదు. ఈ చిన్న సంగతి ఆయనకి చెప్పేంత మాట నాకు లేదు, కనుక్కునేంత తెలివి ఆయనకి లేదు. మూడు నెలలకు బడి నన్ను వదిలించుకుంది.

పెద్దయ్యాక నాన్న చేసిన చోటే వాల్వులు తిప్పే పనిలో చేరాను. బారెడు ఇనప కీ భుజాన వేసుకుని వెళ్లి, ఏ వీధికి ఏ టైముకి నీళ్లు వదలాలో ఆ వీధికి ఆ టైముకి వదలాలి. భూమిలో గొట్టం ఎక్కడ కారుతోందో కనిపెట్టడానికి కడ్డీ ఒక కొస నేలకీ ఒక కొస చెవికీ ఆనించి వినేవాణ్ని. మిగతావాళ్లు నాలుగు చోట్ల తవ్వితే నేను ఒకచోటే తవ్వించేవాణ్ని. దానికి ఒక ఇంజనీరు "దేవుడు నీకు ఒకటి తక్కువ చేసి ఇంకోటి ఎక్కువ ఇచ్చాడోయ్" అన్నాడు. దేవుడితో నేను అలాంటి బేరమేమీ చేయలేదు. అదే చెవిలోకి పెళ్లి బ్యాండు కూడా వస్తుంది, ట్యూబులైటు చోకు పెట్టే రొద కూడా వస్తుంది. ఆ సంగతి ఇంజనీరు అడగలేదు. అతనికి గొట్టం దొరికితే చాలు.

అక్షరాలు నలభై అయిదేళ్లు దాటాక వచ్చాయి. తొంభైల్లో పెద్దవాళ్లకి చదువు చెప్పే సర్కారు క్లాసులు మా వార్డులో మధ్యాహ్నం పెట్టారు. అక్కడ ఒడియా నేర్పారు. తెలుగు మాత్రం మా అమ్మాయి తన పాత ఒకటో తరగతి పుస్తకం తీసి ఇంట్లో నేర్పింది. దాని తల్లి పోయాక ఇంట్లో మేమిద్దరమే. నా ఎదురుగా కూర్చోలేదు, పక్కన కూర్చుంది. ఇద్దరం పుస్తకంలోకే చూసేవాళ్లం. నాలుగు నెలల్లో వచ్చేసింది. అంత సులువు పనికి మేష్టరు జుట్టు లాగడం ఎందుకో ఈనాటికీ నాకు బోధపడదు.

ఆ అమ్మాయినే కోరాపుట్‌లో ఒక సావుకారి టోకు కొట్టులో పనిచేసే కుర్రాడికి ఇచ్చాను. మనవరాలు పుట్టింది. మూడేళ్లకి సంగతి తేలింది. పేరు పెట్టి పిలిస్తే తిరగదు. సంతోషమేస్తే రెండు చేతులూ పిట్ట రెక్కల్లా ఆడిస్తుంది. మజ్జిగన్నమే తింటుంది, అదీ నీలం అంచు పళ్లెంలోనే. ఇంట్లో చెప్పులన్నీ వరస పెడుతుంది. ఎవరైనా ఒకటి కదిపితే ఇల్లు ఎగిరిపోయేలా అరుస్తుంది. అల్లుడి తల్లి పిల్లని మంత్రగాళ్ల చుట్టూ తిప్పింది. పసర్లు పోశారు, తాయెత్తులు కట్టారు. తాయెత్తు దారం మెడకి గీరుకుని పిల్ల ఇంకా అరిచింది. "సూసేవా, లోపలున్నది బయటికొస్తంది" అని సంబరపడ్డారు. బడిలో వేస్తే రెండో వారానికి పంపేశారు. ఆ తర్వాత విశాఖపట్నంలో పెద్ద డాక్టరన్నారు. అమ్మాయి బతిమాలితే నేనూ వెళ్లాను.

డాక్టరు బల్ల కింద పిల్ల మా నలుగురి చెప్పులూ వరస పెడుతోంది. ఆయన దాని తల మీదుగా మాతో మాట్లాడాడు, అది అక్కడ లేనట్టు.

"కళ్లలోకి చూడదు. రోజూ జరిగేదాంట్లో ఏ కాస్త మారినా తట్టుకోలేదు. వస్తువుల్ని వరసలో పేరుస్తుంది. చప్పుళ్లకి చెవులు మూసుకుంటుంది. ఎదుటివాళ్ల మనసు వీళ్లకి అందదు. దీన్ని ఆటిజం అంటారు."

ఆయన ఒక్కొక్కటీ చదువుతుంటే మా అమ్మాయి మెల్లగా నా వైపు తిరిగింది. మూడోది వచ్చేసరికి పూర్తిగా తిరిగిపోయింది. అప్పుడు నేను అడిగాను.

"డాక్టరు బాబూ, ఆ కాయితంలో ముసలోళ్ల పేర్లు కూడా రాస్తారేటి?"

"తాతగారు జోకులేస్తున్నారు" అని ఆయన నవ్వాడు. నేను జోకెయ్యలేదు. నాకు జోకులు రావు. ఎదుటివాడి మనసు ఎవరికి అందలేదో అక్కడే తేలిపోయింది గానీ ఆయన రాసుకోలేదు.

అలాంటి పిల్లల్ని ఉంచుకుని తర్ఫీదు ఇచ్చే హోము ఒకటుందని చెప్పాడు. ఒకసారి కళ్లలోకి చూస్తే ఒక చాక్లెట్టు ముక్క పెడతారట. అలా అలవాటు చేస్తారట. సర్కస్‌లో కుక్కకి ఇదే చేస్తారు. కుక్క తోకైనా ఆడిస్తుంది. ఏడాదికి రెండుసార్లు మాత్రం తల్లిదండ్రులు వచ్చి చూసుకోవచ్చునట. మా అల్లుడికి ఈ మాటలు నచ్చాయి. అతను చెడ్డవాడు కాదు. ఎవరైనా తెల్లకోటు వేసుకుని చెబితే నమ్మే రకం, అంతే. అమ్మాయి ఒప్పుకోలేదు. బయట బస్టాండులో ఇద్దరూ మాటామాటా అనుకున్నారు. మధ్యలో నేను దూరాను.

"ఎండాకాలం నా దగ్గర ఒదిలీండి బాబూ. బడులు తెరిసేదాకా."

"అప్పటికి నెమ్మదిస్తే సరే మావా. లేకపోతే హోములో ఎయ్యడమే. మా యమ్మ ఇంక పడలేదు."

అలా తల్లీపిల్లా రాయగడ వచ్చారు. కోరాపుట్ నుంచి రైలు లైను వచ్చి అప్పటికి ఎంతో కాలం కాలేదు. దారంతా సొరంగాలే. ప్రతి సొరంగానికీ ముందే పిల్ల చెవులు మూసుకునేదట, అంతకుముందు ఒక్కసారి వచ్చినప్పుడే అన్నీ బట్టీ పట్టేసి. ఎదురుగా కూర్చున్నవాడు "పాపం, ఈ పాపకి బుర్ర లేదా?" అని అడిగాడట. ఆ అడిగినవాడికి ఒక్క సొరంగమూ గుర్తులేదు.

మా వీధికి కుళాయి ఒక్కటే. దానికి తిప్పే తల కూడా లేదు. వాల్వు విప్పితే పడతాయి, కడితే ఆగిపోతాయి. పొద్దున్న ఆరున్నరకి నీళ్లు. వరస మాత్రం ముందు రోజు సాయంత్రమే మొదలవుతుంది. మనిషికి బదులు వస్తువు నిలబడుతుంది. ఒకరిది డాల్డా డబ్బా, ఒకరిది ఇటుక, ఒకరిది చిల్లు బకెట్టు, ఒకరిది తెగిన చెప్పు. ఎవరి వస్తువు ఏదో అందరికీ తెలుసు. దాన్ని కదపకూడదు. నీళ్లొచ్చాక ఎవరి వస్తువు వంతు వస్తే వాళ్లు బిందె పెట్టుకోవాలి. డాక్టరు రోగం అని రాసిన పనిని మా వీధి వీధంతా రోజూ చేస్తుంది, దానికోసం జుట్లు పట్టుకుంటుంది. వాళ్లెవరినీ విశాఖపట్నం తీసుకెళ్లలేదు.

పిల్ల రెండు రోజుల్లో ఆ వరస మొత్తం పట్టేసింది. సాయంత్రం గట్టు మీద కూర్చుని ఒక్కొక్క వస్తువూ రావడం చూసేది. పొద్దున్న మళ్లీ వెళ్లి చూసేది. చేతులు ఆడించేది. దానికి అక్కడ ఎందుకంత సుఖమో నాకు చెప్పకుండానే తెలిసింది. మనుషుల బదులు వస్తువులుంటాయి. వాటికి కళ్లుండవు. ఒకటి చెప్పి ఒకటి చెయ్యవు. ఇటుక నిన్న ఎక్కడుందో ఈవేళా అక్కడే ఉంటుంది.

ఉండనివ్వని మనిషి ఒకావిడ ఉంది. మూల ఇంటావిడ. రోజూ ఎవరూ చూడకుండా తన తెగిన చెప్పుని కాలితో రెండు స్థానాలు ముందుకి తోసేది. పిల్ల వెళ్లి దాన్ని మళ్లీ వెనక్కి పెట్టింది.

"ఓలమ్మో, ఈ గుంట నా సెప్పు ఎనక్కి తోసీసింది సూడండే! ఎవులే నువ్వు, కుళాయికి పోలీసువా?"

డాల్డా డబ్బా ఆవిడ అందుకుంది. "తొయ్యదేటి మరి! రాత్తిరి నీ సెప్పుకి కాళ్లొచ్చి నడిసెల్లిపోనాదా ముందుకి?"

అందరూ నవ్వారు. "పిచ్చిదే గానీ లెక్క తప్పదే" అంది ఇంకొకావిడ. ఆ తర్వాత వరసలో తగువొస్తే పిల్లనే అడిగేవారు. అది మాట్లాడకుండా వస్తువు తీసి సరైన చోట పెట్టేది. తగువు తీరేది. పిచ్చిది అనడం మాత్రం మానలేదు. అవసరానికి వాడుకుంటూ పిచ్చిదనడం, లోకం మమ్మల్ని చేరదీసే పద్ధతి అది. నా చెవిని వాడుకున్న ఇంజనీరుదీ అదే పద్ధతి.

బిందెలు ఒకదానికొకటి తగిలి ఖంగుమన్నప్పుడు, ఆడాళ్లు గట్టిగా కేకలేసుకున్నప్పుడు పిల్ల చెవులు మూసుకునేది. రెండు మూడుసార్లు అరిచింది కూడా. నేను అది పట్టుకున్నాను. చప్పుడే దీని బాధ అని తీర్మానం చేసేశాను. ఇంట్లో కుక్కరు తీయించాను. రేడియో కట్టేశాను. అమ్మాయి "నాన్నా, అదొక్కటే కాదేమో" అంది. "నాకు తెల్దేటే?" అన్నాను. మహా తెలుసు నాకు.

బడులు తెరిచే ముందు ఆదివారం తీసుకెళ్లాలో వద్దో చూస్తానని అల్లుడు ఎస్టీడీ బూతు నుంచి పక్కింటికి ఫోను చేశాడు. శనివారం సాయంత్రమే వచ్చాడు కూడా. పొద్దున్న కుళాయి దగ్గర పిల్ల ఒక్క అరుపు అరిచిందా, సంచి సర్దేస్తాడు. అందుకని వాల్వుమనిషికి తోచే ఉపాయమే నాకూ తోచింది. ఒత్తిడి ఎక్కువున్న చోట ముందుగా వదలడం. అరగంట ముందు నీళ్లు వదిలితే జనం ఉండరు, చప్పుడుండదు. పిల్ల ప్రశాంతంగా మా బిందె నింపుతుంది, వాళ్ల నాన్న గుమ్మంలోంచి చూస్తాడు. నా తెలివికి నేనే మురిసిపోయాను.

ఆరింటికి వాల్వు విప్పి, కీ భుజాన వేసుకుని వెనక్కి నడుస్తుండగానే సందు మొదట్లోనే పిల్ల అరుపు వినపడింది.

వస్తువులన్నీ వరసలో నిలబడున్నాయి. ఒక్కదానికీ మనిషి లేడు. నీళ్లేమో ధారగా ఊరికే నేల మీద పోతున్నాయి. మొదటి వంతు ఇటుకది, ఆ ఇటుకావిడ లేదు. పిల్ల కుళాయి మూతికి అరచెయ్యి అడ్డం పెట్టి ఆపాలని చూసింది. నీళ్లు నాలుగు వైపులా చిమ్మాయి. ఆ చప్పుడికి వీధంతా బిందెలతో పరిగెత్తుకొచ్చింది. వరస చెదిరిపోయింది. డబ్బాలూ ఇటుకలూ తన్నుకుంటూ ముందు దొరికినవాళ్లు ముందు పెట్టుకున్నారు. మూల ఇంటావిడ పిల్ల రెక్క పట్టి లాగింది. పిల్ల కరిచింది. ఆవిడ పిల్ల చెంప మీద ఒకటి పీకింది. పిల్ల ఇంక తన చేతినే కొరుక్కోవడం మొదలెట్టింది.

అల్లుడు పళ్లు తోముకుంటూ గుమ్మంలో నిలబడి ఇదంతా చూశాడు.

"సూసేరా మావా? ఇదేనా నెమ్మదించడమంటే? డాక్టరు గారు సెప్పింది అక్షరాలా నిజం."

అమ్మాయి పిల్లని ఎత్తుకుని లోపలికి తెచ్చింది. దాన్ని మంచం కిందికి పోనిచ్చి, సంచి తీసి బట్టలు పెట్టడం మొదలెట్టింది. అమ్మాయి మొహం నేను చూడలేదు. చేతులు చూశాను. ఒక్కొక్క గౌను రెండేసిసార్లు మడత పెడుతోంది.

చిన్నప్పుడు మా నాన్న నా మంచం ఒక గోడ దగ్గర నుంచి ఇంకో గోడకి జరిపితే నాలుగు రోజులు నిద్రపోనివాణ్ని నేను. అలాంటి నేను, నీళ్ల టైము జరిపేశాను. చెప్పకుండా. నా చెవి పట్టుకుని దాని బాధ కొలిచాను. నాకు ముందు చప్పుడు, దానికి ముందు వరస. చప్పుడు అది భరించేది, వరస నిలబడితే. ఇద్దరికీ ఒకే పేరు పెట్టగలరు గానీ ఒకే బాధ పెట్టలేరు. డాక్టరుని తిట్టిపోసిన నోరు నాది. నేను చేసింది ఆయన చేసినదానికంటే హీనం. ఆయనకి తెలీదు.

"తప్పు దానిది కాదు బాబూ. నాది. ఆరున్నర నీళ్లు ఆరింటికి ఒదిలీసినాను" అన్నాను.

"అరగంటకే ఇంత గోలా?"

"నీ రైలు నీకు సెప్పకండా అరగంట ముందెల్లిపోతే నువ్వు టేసన్లో ఏటి సేస్తావు?"

"గోల సేస్తాను. సెయ్యి కొరుక్కోను గదా."

"నీకు గోల సెయ్యడానికి మాటలున్నాయి. దానికున్నది సెయ్యే."

అతను ఊసి, మొహం కడుక్కుని వచ్చాడు. "ఇప్పుడేటి సెయ్యమంటారు మావా?"

"దాన్ని అడిగేవా, ఎల్తావా ఉంటావా అని?"

"దాన్నేటి అడుగుతాం? మాటే రాదు."

"మాట రాదు. బుర్ర ఉంది. ఆ డాక్టరూ అడగలేదు, నువ్వూ అడగలేదు, నీళ్లు ముందొదిలినప్పుడు నానూ అడగలేదు."

మంచం కింద పిల్ల గోడ వైపు తిరిగి పడుకునుంది. నేను నేల మీద, మంచం పక్కనే, అదే గోడకి ఎదురుగా కూర్చున్నాను. దాని వైపు చూడలేదు. గోడకి చెప్పినట్టే మెల్లగా చెప్పాను. "అమ్మీ, మీ నాన్న నిన్ను ఇశాపట్నంలో హోముకి తీసుకెల్తానంటన్నాడు. అక్కడ అమ్మ ఉండదు, నానుండను. మీ యమ్మ సంచిలో నీ బట్టలు పెట్టేసింది. ఎల్తావో ఉంటావో నువ్వే సెప్పాల. తొందరేం లేదు."

ఇంక నోరెత్తలేదు. మమ్మల్ని అడిగిన ప్రశ్నకి జవాబు వచ్చేలోగా మీరు ఇంకో రెండు అడిగేస్తారు, అదే మీ జబ్బు. అల్లుడు పెరట్లోకి వెళ్లాడు, వచ్చాడు, చొక్కా వేసుకున్నాడు, గడియారం చూశాడు. "పాసింజరు టైమవుతంది మావా." ఉండమని చెయ్యి చూపించాను. పొయ్యి మీద అన్నం ఉడికి, గంజి వార్చి, చల్లారడం కూడా అయిపోయింది. నా కాళ్లు తిమ్మిరెక్కాయి. అమ్మాయి గోడకి ఆనుకుని నిలబడింది.

అప్పుడు పిల్ల బయటికి వచ్చింది. ఎవరి వైపూ చూడలేదు. సంచి దగ్గర కూర్చుని ఒక్కొక్క గౌనూ తీసి, అలమారలో అది అంతకుముందు ఏ అరలో ఏ మడతలో ఉండేదో అక్కడే పెట్టింది. జోళ్లు, దువ్వెన, నీలం అంచు పళ్లెం. పళ్లెం వంటింట్లోకి తీసుకెళ్లి మేకుకి ఆనించి వచ్చింది. ఖాళీ సంచిని మడిచి వాళ్ల నాన్న ఒళ్లో పెట్టింది.

అతను సంచి పట్టుకుని కూర్చున్నాడు. "బట్టలు సర్దుకుంది, అంతే గదా. అదొక ఆటేమో దానికి."

మా అమ్మాయి ఆ రోజంతటిలో మొదటిసారి నోరు విప్పింది. "అడిగేరు, సెప్పింది. ఇంకెలగ సెప్పాల? ఏలిముద్ర ఎయ్యాలేటి? ఇది ఎల్దు. నానూ రాను."

అల్లుడు ఖాళీ సంచిని ఇంకో మడత పెట్టాడు. "మా యమ్మకి ఏటని సెప్పను?" అన్నాడు చివరికి. అంటే ఒప్పుకున్నాడని అర్థం. గుమ్మం దిగేముందు పిల్ల తల మీద చెయ్యి వెయ్యబోయి, దానికి ఇష్టముండదని గుర్తొచ్చి, చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. నాకు తెలిసి అతను దానితో మర్యాదగా నడుచుకున్నది అదే మొదలు. మధ్యాహ్నం రైలుకి ఒక్కడే వెళ్లిపోయాడు.

పిల్ల మా దగ్గరే పెరిగింది. దానికి నేను ఆ సాయంత్రమే తప్పైపోయిందని చెప్పాను, పక్కన కూర్చుని, గోడ వైపు చూస్తూనే. అది లేచి అవతలి గదిలోకి వెళ్లి కూర్చుంది. పదకొండు రోజులు నేనున్న చాప మీదికి రాలేదు, నా చేత్తో ఇచ్చిన అన్నం ముట్టలేదు. "పెద్దోడివి, దాన్ని బుజ్జగించొచ్చు గదా" అని ఇరుగుపొరుగు సలహాలిచ్చారు. నేను ఆ పని చెయ్యలేదు. కోపం దాని సొంతం, అదీ న్యాయమైన కోపం. అయ్యేదాకా ఉంచుకోనిచ్చాను.